రాత్రి ప్లగ్గు దగ్గర ఆపేస్తే పొద్దున మొరాయించే కంప్యూటర్

ప్రశ్న: అన్నా, మాది తిరుపతి, కొర్లగుంట. ఇంట్లో 2017లో అసెంబుల్ చేయించుకున్న కంప్యూటర్ ఉంది, విండోస్ 10. రెండు నెలలుగా పొద్దున ఆన్ చేస్తే సరిగా స్టార్ట్ కావడం లేదు. ఒక్కోరోజు లైటు వెలుగుతుంది, ఫ్యాన్ తిరుగుతుంది, స్క్రీన్ మీద మాత్రం ఏమీ రాదు. ఆపి ఆన్ చేసి, ఆపి ఆన్ చేసి, నాలుగైదు సార్లకు వస్తుంది. ఇంకోరోజు నల్ల స్క్రీన్ మీద ఇంగ్లీషులో ఏదో రాసి ఎఫ్1 నొక్కమంటుంది. నొక్కితే చుక్కలు తిరుగుతూనే ఉంటాయి, విసుగొచ్చి బటన్ నొక్కి ఆపేస్తే ఆ తర్వాత ‘ఆటోమేటిక్ రిపేర్’ అని వస్తోంది. లోపలికి వెళ్లగలిగిన రోజు తేదీ 2016 జనవరి 1 అని చూపిస్తుంది. బ్యాంకు సైటు, తిరుమల 300 రూపాయల దర్శనం టికెట్ల సైటు తెరిస్తే ‘మీ కనెక్షన్ ప్రైవేట్ కాదు’ అంటుంది. పిడుగుల భయంతో మా ఆయన రోజూ రాత్రి గోడ దగ్గర స్విచ్ ఆపేస్తారు. ఆయన ఊరెళ్లిన వారం మాత్రం మేం ఆపడం మర్చిపోయాం, విచిత్రంగా ఆ వారమంతా బాగానే పనిచేసింది. షాపతను చూసి ఫార్మాట్ కొట్టాలి, అప్పటికీ కాకపోతే మదర్‌బోర్డు పోయినట్టే, కొత్తది తీసుకోండి అన్నాడు. నేను ఇంట్లో ట్యూషన్ చెప్తాను, అయిదేళ్ల ప్రశ్నపత్రాలు పేజ్‌మేకర్‌లో అను ఫాంట్లతో కొట్టినవి అందులోనే ఉన్నాయి. మా మామగారి చివరి ఫొటోలూ అందులోనే ఉన్నాయి. వేరే ఎక్కడా కాపీ లేదు. చాలా టెన్షన్‌గా ఉంది. ఏం చేయమంటారు?

సమాధానం:

అమ్మా, ముందు ఒక మాట గట్టిగా చెప్తా. మీ ఫైళ్లు వేరే చోటికి కాపీ అయ్యేదాకా ఆ కంప్యూటర్‌ను ఫార్మాట్ చేయడానికి ఎవరికీ ఇవ్వొద్దు. షాపతను మంచివాడే కావచ్చు, తెలిసినవాడే కావచ్చు, అయినా ఇవ్వొద్దు. రెండోది, మీ ఉత్తరం చదివితే మదర్‌బోర్డు పోయినట్టు నాకు అనిపించడం లేదు. ఊరెళ్లిన వారం సంగతి మీరు ‘విచిత్రంగా’ అని రాశారు కదా, నా దృష్టిలో మీ ఉత్తరం మొత్తంలో అన్నిటికన్నా పనికొచ్చే మాట అదే.

ఎందుకో చెప్తాను. మదర్‌బోర్డు మీద రూపాయి బిళ్లంత గుండ్రటి సెల్ ఒకటి ఉంటుంది, దాని మీద సీఆర్ 2032 అని రాసి ఉంటుంది, 3 వోల్టులది. కంప్యూటర్‌కు కరెంటు అందనప్పుడు గడియారం నడవడానికి, మొదటి సెట్టింగులు గుర్తుండడానికి అదే ఆధారం. మనం షట్‌డౌన్ చేసినా గోడ దగ్గర స్విచ్ ఆన్‌లో ఉంటే ఎస్‌ఎంపీఎస్ (ప్లగ్గు కరెంటును కంప్యూటర్‌కు తగ్గట్టు మార్చి ఇచ్చే డబ్బా) నుంచి బోర్డుకు 5 వోల్టుల కరెంటు కొద్దిగా అందుతూనే ఉంటుంది, అప్పుడు ఆ సెల్ మీద భారం ఉండదు. స్విచ్ ఆపేశామా, ఇక రాత్రంతా ఆ సెల్లే మోయాలి. మీది 2017 నాటిది. సెల్ ఎప్పుడూ మార్చలేదంటే అది తన ఆయుష్షు తీరేదాకా పనిచేసినట్టే. అందుకే మీ ఆయన స్విచ్ ఆపిన రాత్రి గడిచాక పొద్దున బోర్డు అన్నీ మర్చిపోయి లేస్తోంది, తేదీ 2016 జనవరి 1కి వెళ్లిపోతోంది. అది ఆ బోర్డులో తయారైనప్పుడే పెట్టి ఉంచిన మొదటి తేదీ. ఎఫ్1 నొక్కమని వచ్చే ఇంగ్లీషు మాటలు కూడా చాలా బోర్డుల్లో ఈ సంగతి చెప్పడానికే, సెట్టింగులు పోయాయి, మామూలు సెట్టింగులతో వెళ్లాలంటే నొక్కు అని. ఈసారి వచ్చినప్పుడు ఫోన్‌తో ఫొటో తీయండి, అందులో ‘సీమాస్’ (CMOS, ఈ సెట్టింగులు దాచుకునే చోటు) అన్న మాటో, ‘డేట్ అండ్ టైమ్’ అన్న మాటో కనిపిస్తే ఇక అనుమానం అక్కర్లేదు.

బ్యాంకు సైటు, టికెట్ల సైటు గొడవ కూడా దీనితోనే వచ్చింది, వైరస్ కాదు, హ్యాకింగ్ కాదు. ప్రతి సైటుకూ ఒక భద్రతా సర్టిఫికెట్ ఉంటుంది, దానికి ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ వరకు అని గడువు ఉంటుంది. మీ కంప్యూటర్ ఇంకా 2016లోనే ఉన్నాననుకుంటే, ఇప్పటి సర్టిఫికెట్ దానికి ఇంకా మొదలు కానిది అవుతుంది, అందుకే బ్రౌజర్ తలుపు తీయదు. తేదీ, టైమ్ సరిచేస్తే ఆ నిమిషమే సైట్లు తెరుచుకుంటాయి. కింద కుడి మూల గడియారం మీద రైట్ క్లిక్ చేసి తేదీ సరిచేసే ఆప్షన్‌లోకి వెళ్లి ముందు తేదీ మీరే సరిచేసి, తర్వాత ‘సింక్ నౌ’ నొక్కండి. టికెట్లు విడుదలయ్యే రోజు మాత్రం పది నిమిషాలు ముందే కూర్చుని తేదీ చూసుకోండి, ఆ హడావిడిలో ఇది గుర్తురాదు.

ఇక ఫార్మాట్ సంగతి. కంప్యూటర్ బటన్ నొక్కినప్పుడు ముందు ఎస్‌ఎంపీఎస్ లేస్తుంది, దాని వోల్టేజీలు నిలకడ పడ్డాక బోర్డుకు సిగ్నల్ ఇస్తుంది. అప్పుడు బోర్డులోని బయోస్ (విండోస్ కన్నా ముందు లేచే చిన్న ప్రోగ్రామ్) పని మొదలుపెట్టి ర్యామ్ చూస్తుంది, డిస్‌ప్లే చూస్తుంది, కీబోర్డు చూస్తుంది, ఆ తర్వాతే హార్డ్ డిస్క్ దగ్గరికి వెళ్లి విండోస్‌ను పిలుస్తుంది. అంటే విండోస్ వంతు వచ్చేది అన్నిటికన్నా చివర. స్క్రీన్ మీద కంపెనీ లోగో కూడా రాని కంప్యూటర్‌కు విండోస్ తీసేసి మళ్లీ వేయమనడం, అలిపిరి దగ్గరే ఆగిపోయిన బండిలోని వాళ్లకు కొండ మీద రూమ్ మార్చుకోమని చెప్పడం లాంటిది. ఫార్మాట్ కొడితే సెల్‌లో చార్జి రాదు, ఎస్‌ఎంపీఎస్ బాగుపడదు, పోయేది మీ ప్రశ్నపత్రాలు.

ఇక్కడ ఇంకొంచెం ఆగుతాను, ఎందుకంటే ఈ నష్టం మన ఊళ్లలో రోజూ జరుగుతోంది, జరిగాక ఏడ్చి లాభం లేదు. షాపువాళ్లు ‘సి డ్రైవ్ ఒక్కటే ఫార్మాట్ చేస్తామండీ, డి డ్రైవ్ అట్లే ఉంటుంది’ అంటారు. ఆ మాట నిజమే. కానీ డెస్క్‌టాప్ మీద పెట్టుకున్నవి, డాక్యుమెంట్స్‌లో ఉన్నవి, డౌన్‌లోడ్స్‌లో ఉన్నవి, మీరు వేరే చోటికి మార్చుకుని ఉండకపోతే, సి డ్రైవ్‌లోనే ఉంటాయి. మనలో ఎక్కువమంది ఫైళ్లన్నీ డెస్క్‌టాప్ మీదే పెట్టుకుంటాం. ఇంకోటి, మీ ప్రశ్నపత్రాలు అను ఫాంట్లలో ఉన్నాయన్నారు. అవి యూనికోడ్ కావు, ఆ ఫాంటు లేని కంప్యూటర్‌లో తెరిస్తే తెలుగు కనిపించదు, అర్థం లేని గుర్తులు కనిపిస్తాయి. ఫాంట్లు ఉండేది సి డ్రైవ్‌లోని విండోస్ ఫోల్డర్ లోపల ఫాంట్స్ అనే ఫోల్డర్‌లో. ఫార్మాట్ కొడితే అవీ పోతాయి. కాబట్టి కాపీ చేసుకునేటప్పుడు ప్రశ్నపత్రాల ఫోల్డరుతో పాటు ఆ ఫాంట్లు కూడా తీసుకోండి, అను సాఫ్ట్‌వేర్ సీడీ, లైసెన్సు కాగితం ఇంట్లో ఎక్కడున్నాయో ఇప్పుడే వెతికి పెట్టుకోండి. వీలైతే ముఖ్యమైన పేపర్లు పీడీఎఫ్ కూడా చేసి పెట్టండి, పీడీఎఫ్‌లో ఫాంటు కూడా కలిసిపోతుంది కాబట్టి ఏ ఫోన్‌లో తెరిచినా అక్షరాలు అట్లే కనిపిస్తాయి.

సరే, ఇవాళ రాత్రి నుంచి ఏం చేయాలో చెప్తాను. ఇవాళ్టికి మీ ఆయనకు చెప్పి గోడ దగ్గర స్విచ్ ఆపకుండా ఉంచండి, ఉరుములు మెరుపులు ఉంటే తప్ప. రేపు పొద్దున బటన్ నొక్కాక స్క్రీన్ రాకపోయినా వెంటనే ఆపేయకండి, కనీసం రెండు మూడు నిమిషాలు చేతులు కట్టుకుని కూర్చోండి. సెట్టింగులు పోయిన బోర్డు ర్యామ్‌ను మళ్లీ మొదటి నుంచి సరిచూసుకుంటుంది, ఆ సమయంలో స్క్రీన్ నల్లగానే ఉంటుంది, కొన్ని బోర్డులు తమంతట తామే ఒకటి రెండుసార్లు ఆగి లేస్తాయి కూడా. మనం అది చూసి పోయిందనుకుని బటన్ నొక్కుతాం, అది మళ్లీ మొదలు, మళ్లీ నొక్కుతాం. మీరు చెప్పిన ‘నాలుగైదు సార్లు’లో కొన్ని ఇలా జరిగినవే అయి ఉండొచ్చు.

ఆటోమేటిక్ రిపేర్ కూడా ఇలాగే వస్తుంది. విండోస్ వరుసగా రెండు మూడుసార్లు పూర్తిగా లేవకుండా ఆగిపోతే, తనకేదో జబ్బు చేసిందనుకుని తనంతట తానే ఆ రిపేర్ స్క్రీన్ చూపిస్తుంది. చుక్కలు తిరుగుతున్నప్పుడు మీరు బటన్ నొక్కి ఆపిన ప్రతిసారీ దాని లెక్కలో అది ఒక ఫెయిల్యూర్. అలా వచ్చినప్పుడు కంగారు పడకుండా ‘అడ్వాన్స్‌డ్ ఆప్షన్స్’ నొక్కి, అక్కడ ‘కంటిన్యూ’ అనేది కనిపిస్తే అది నొక్కండి, చాలాసార్లు విండోస్ మామూలుగానే లేస్తుంది. ‘స్టార్టప్ రిపేర్’ కూడా ఒకసారి చూడొచ్చు, అది ఫైళ్ల జోలికి పోదు. అక్కడే ‘రీసెట్ దిస్ పీసీ’ అని ఉంటుంది. దాన్ని మాత్రం ముట్టుకోవద్దు. అందులో ‘కీప్ మై ఫైల్స్’ అని తియ్యగా అడుగుతుంది, అది ఎంచుకున్నా మనం వేసుకున్న సాఫ్ట్‌వేర్లు పోతాయి, పేజ్‌మేకర్, అను రెండూ పోతాయి.

కంప్యూటర్ లేచిన మొదటి రోజే, ఇంకే పనీ పెట్టుకోకుండా, కాపీ పని చూడండి. ఫొటోలు ఎక్కువ ఉంటే పెన్‌డ్రైవ్ చాలదు, బంధువుల దగ్గర ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్క్ ఉంటే ఒకరోజుకు అడిగి తెచ్చుకోండి. మామగారి ఫొటోలు ముందు, ప్రశ్నపత్రాలు తర్వాత, పాటలూ సినిమాలూ అన్నిటికన్నా చివర. కాపీ అయ్యాక ఆ డిస్కును వేరే లాప్‌టాప్‌కు పెట్టి ఫొటోలు నిజంగా తెరుచుకుంటున్నాయో లేదో చూడండి, ఇది చాలామంది వదిలేస్తారు.

ఒకవేళ విండోస్ అసలే లేవకపోతే? అప్పుడూ ఫైళ్లు పోయినట్టు కాదు. మీ అబ్బాయో, ట్యూషన్‌కు వచ్చే పిల్లల అన్నలో ఇంజినీరింగ్ చదివేవాళ్లు ఎవరైనా ఉంటే, వాళ్ల లాప్‌టాప్‌లో ఒక పెన్‌డ్రైవ్‌లోకి ఉబుంటు (విండోస్ లాంటిదే, ఉచితంగా దొరుకుతుంది) ఎక్కించమనండి, 8 జీబీకి తగ్గని పెన్‌డ్రైవ్ కావాలి. దాన్ని పెట్టి కంప్యూటర్ ఆన్ చేసి, ‘ట్రై ఉబుంటు’ ఎంచుకుంటే, మీ డిస్కులో ఏమీ మార్చకుండానే స్క్రీన్ వస్తుంది, అందులోంచి మీ ఫోల్డర్లు తెరిచి ఎక్స్‌టర్నల్ డిస్కులోకి లాగేయొచ్చు. ఇన్‌స్టాల్ అన్నది మాత్రం నొక్కొద్దని గట్టిగా చెప్పండి. ఇదీ కుదరకపోతే హార్డ్ డిస్కును విప్పి కేబుల్‌తో వేరే కంప్యూటర్‌కు తగిలించవచ్చు, అయితే డెస్క్‌టాప్‌లో ఉండే పెద్ద సైజు డిస్కుకు విడిగా కరెంటు అడాప్టర్ ఉన్న కేబుల్ కావాలి, లాప్‌టాప్ డిస్కులకు వాడే చిన్న కేబుల్ దాన్ని లేపలేదు.

కాపీ అయింది కదా, ఇప్పుడు నిశ్చింతగా సెల్ మార్చండి. గాంధీ రోడ్డు వైపు బజారుకు వెళ్లినప్పుడు ఏ వాచీల కొట్టులో అడిగినా సీఆర్ 2032 దొరుకుతుంది, చాలా కార్ల రిమోట్లలో కూడా ఇదే వేస్తారు. మంచి కంపెనీది, ప్యాకెట్ విప్పనిది తీసుకోండి. మార్చే ముందు కంప్యూటర్ బాగా లేచిన రోజు ఒక పని చేయండి. రీస్టార్ట్ కొట్టి, మొదట్లో డిలీట్ కీ గానీ ఎఫ్2 గానీ వరుసగా నొక్కుతూ ఉంటే బయోస్ స్క్రీన్ వస్తుంది, అందులో బూట్ అనే పేజీ, సాటా (హార్డ్ డిస్కు కనెక్షన్) సెట్టింగు ఉన్న పేజీ ఫోన్‌తో ఫొటో తీసుకుని, ఏమీ మార్చకుండా బయటికి వచ్చేయండి. సెల్ తీసినప్పుడు ఈ సెట్టింగులు మళ్లీ మామూలు స్థితికి వెళ్తాయి. మీరు ఎఫ్1 నొక్కాక విండోస్ మొదలవుతోంది కాబట్టి మామూలు సెట్టింగులతోనే మీ కంప్యూటర్ నడుస్తోందని నా అంచనా, అయినా ఫొటో ఉంటే ధైర్యం.

మార్చేటప్పుడు షట్‌డౌన్ చేసి, గోడ దగ్గర ఆపి, వెనక నుంచి పవర్ కేబుల్ పూర్తిగా పీకేయండి. తర్వాత ముందున్న పవర్ బటన్‌ను పది సెకన్లు నొక్కి పట్టుకుంటే లోపల మిగిలిన కరెంటు పోతుంది. సీపీయూ డబ్బా పక్క మూత రెండు స్క్రూలు విప్పితే వచ్చేస్తుంది. లోపల చేయి పెట్టే ముందు డబ్బా ఇనుప భాగాన్ని ఒకసారి ముట్టుకోండి, ఒంట్లో ఉన్న స్టాటిక్ కరెంటు దానిలోకి పోతుంది. సెల్ పక్కన చిన్న క్లిప్పు ఉంటుంది, గోటితో పక్కకు నొక్కితే సెల్ పైకి లేస్తుంది. కొత్తది పెట్టేటప్పుడు ప్లస్ గుర్తు, అక్షరాలు ఉన్న వైపు పైకి ఉండాలి. ఎస్‌ఎంపీఎస్ డబ్బాను మాత్రం ఎట్టి పరిస్థితుల్లోనూ విప్పొద్దు, ప్లగ్గు పీకేసినా దాని లోపలి కెపాసిటర్లలో 300 వోల్టులు దాటి నిలవ ఉండగలదు, ప్రాణాపాయం.

మూత తెరిచారు కాబట్టి అదే చేత్తో ర్యామ్ కూడా చూసేయండి. రెండు చివర్లా ఉన్న క్లిప్పులు బయటికి నొక్కితే (కొన్ని బోర్డుల్లో ఒక వైపే ఉంటుంది) ర్యామ్ ముక్క పైకి వస్తుంది. దాని అంచున ఉన్న బంగారు రంగు గీతలను పిల్లలు వాడే తెల్ల రబ్బరుతో మెల్లగా రుద్ది, పొడి దులిపేసి, గాడి సరిచూసుకుని ‘టక్’ మనేదాకా గట్టిగా నొక్కండి. ఫ్యాన్ తిరుగుతూ స్క్రీన్ రాని కంప్యూటర్లలో చాలా వాటికి ఈ రబ్బరు వైద్యమే సరిపోతుంది, మన తిరుపతి దుమ్ముకూ ఉక్కకూ ఆ గీతల మీద మకిలి పట్టడం మామూలే. రెండు ర్యామ్‌లు ఉంటే ఒక్కొక్కటి విడిగా పెట్టి చూడండి, ఒకదానితో వచ్చి ఇంకోదానితో రాకపోతే దొంగ దొరికినట్టే. దుమ్ము పెయింటింగ్ బ్రష్‌తో దులపండి, తడి గుడ్డ వద్దు. లోపల బల్లులు, చీమలు చేరాయేమో కూడా చూడండి, బల్లి బోర్డు మీద పడి షార్ట్ అయిన కంప్యూటర్లు మన వైపు కొత్త కాదు.

మూత పెట్టి, కేబుళ్లు తగిలించి, ఆన్ చేసి, మొదటిసారి రెండు మూడు నిమిషాలు ఓపిక పట్టి, బయోస్‌లో తేదీ టైమ్ సరిచేసి సేవ్ చేయండి. ఆ రాత్రి మీ ఆయన్ను ఎప్పటిలాగే గోడ దగ్గర స్విచ్ ఆపమనండి. పొద్దున తేదీ సరిగ్గా ఉండి, స్క్రీన్ కూడా మొదటిసారికే వస్తే జబ్బు సెల్‌దే, అయిపోయింది.

తేదీ సరిగ్గానే ఉండి, స్క్రీన్ మాత్రం మళ్లీ నాలుగైదు సార్లకు గానీ రాకపోతే, అప్పుడు అనుమానం ఎస్‌ఎంపీఎస్ మీదికి వెళ్తుంది. దీనిలో ఒక మెలిక ఉంది. పాతబడ్డ ఎస్‌ఎంపీఎస్ కూడా రాత్రంతా ప్లగ్గు ఆపి ఉంచితే పొద్దున లేవడానికి ఇబ్బంది పడుతుంది, ప్లగ్గు ఆన్‌లోనే ఉంటే కొంచెం సులువుగా లేస్తుంది. అంటే మీ ఊరెళ్లిన వారం సాక్ష్యం సెల్‌కూ సరిపోతుంది, ఎస్‌ఎంపీఎస్‌కూ సరిపోతుంది. రెండిటినీ విడదీసేది తేదీ ఒక్కటే, తేదీ వెనక్కి పోవడం సెల్ పని, ఎస్‌ఎంపీఎస్‌కు దానితో సంబంధం లేదు. అందుకే తక్కువ ఖర్చయ్యే సెల్‌తో మొదలుపెట్టమంటున్నాను. ఎస్‌ఎంపీఎస్ అనుమానం వస్తే షాపులో ‘వేరే మంచి ఎస్‌ఎంపీఎస్ ఒకరోజు తగిలించి చూడండి’ అని అడగండి, చూడకుండా మదర్‌బోర్డు మార్చడానికి ఒప్పుకోవద్దు. కొత్తది కొంటే గ్రాఫిక్స్ కార్డు లేని ఇంటి కంప్యూటర్‌కు 450 వాట్లది ధారాళంగా సరిపోతుంది, దాని మీద 80 ప్లస్ గుర్తు (కరెంటు తక్కువ వృథా చేస్తుందని ఇచ్చేది) ఉన్నది చూసుకోండి. చేతికి తేలికగా ఉండి, మీద మాత్రం పెద్ద పెద్ద వాట్లు అచ్చేసినవి నేనైతే తీసుకోను.

స్క్రీన్ రానప్పుడు ఇంకో చిన్న పరీక్ష ఉంది. కీబోర్డు మీద క్యాప్స్ లాక్ నొక్కండి. నొక్కినప్పుడల్లా దాని లైటు వెలుగుతూ ఆరుతూ ఉంటే లోపల కంప్యూటర్ లేచే ఉంది, తేడా మానిటర్‌లోనో కేబుల్‌లోనో ఉంది. లైటు కదలకపోతే కంప్యూటరే లేవలేదు. దీనికి స్క్రూ డ్రైవర్ కూడా అక్కర్లేదు, షాపుకు ఫోన్ చేసే ముందు ఇది చూసి చెబితే వాళ్లకూ పని తేలిక.

చుక్కలు ఎంతసేపటికీ తిరుగుతూనే ఉండడం గురించి వేరుగా చెప్పాలి, ఎందుకంటే అది సెల్ వల్ల వచ్చేది కాదు. హార్డ్ డిస్కు పాతబడి ఉండొచ్చు. తొమ్మిదో పదో క్లాసు పేపర్ తెరవడానికే నిమిషాలు పడుతోందా, లోపల నుంచి టిక్ టిక్ మని శబ్దం వస్తోందా గమనించండి. క్రిస్టల్ డిస్క్ ఇన్ఫో అని ఉచితంగా దొరికే చిన్న సాఫ్ట్‌వేర్ ఉంది, అది వేసి చూస్తే డిస్కు ఆరోగ్యం ‘గుడ్’ అనో ‘కాషన్’ అనో ‘బ్యాడ్’ అనో చెప్పేస్తుంది. గుడ్ కాకుండా ఇంకేది వచ్చినా డిస్కు మార్చాల్సిందే. శబ్దం వస్తుంటే మాత్రం ఈ సాఫ్ట్‌వేర్ కూడా వద్దు, చెక్ డిస్క్ లాంటి రిపేర్లు అసలే వద్దు, అరిగిపోయిన డిస్కును గంటల తరబడి పరిగెత్తిస్తే ఉన్నది కాస్తా పోతుంది. ముందు ఫొటోలు తీసుకోవాలి, తర్వాతే ఏదైనా. డిస్కు మార్చాల్సి వస్తే పాత రకం కాకుండా ఎస్‌ఎస్‌డీ (లోపల తిరిగే భాగాలు లేని కొత్త రకం డిస్కు) వేయించండి, పాత డిస్కును ఫార్మాట్ చేయించకుండా విడిగా కవర్లో పెట్టి బీరువాలో దాచండి. విండోస్ కొత్తగా వేయాల్సిన అవసరం నిజంగా వచ్చేది ఇక్కడ, కొత్త డిస్కులో.

ఇంటి కరెంటు గురించి రెండు మాటలు. ఎండాకాలం సాయంత్రాలు లైట్లు మసకబారడం, ఫ్యాన్ నెమ్మదించడం కనిపిస్తుంటే అది కంప్యూటర్ జబ్బు కాదు, 1912కు ఫోన్ చేసి ఫిర్యాదు రాయించండి. కంప్యూటర్‌ను ఇన్వర్టర్ లైను మీద పెట్టుకుని ఉంటే, ఇన్వర్టర్ వెనకో పక్కనో ‘యూపీఎస్ మోడ్’ అనే చిన్న స్విచ్ ఉందేమో చూడండి, చాలా వాటికి ఉంటుంది. కరెంటు పోయిన క్షణంలో ఎస్‌ఎంపీఎస్ తన దగ్గరున్న నిలవతో సెకనులో వందో వంతు, మహా అయితే యాభయ్యో వంతు సేపు నెట్టుకొస్తుంది, మామూలు మోడ్‌లో ఇన్వర్టర్ అందుకోవడానికి అంతకన్నా ఎక్కువ పడితే కంప్యూటర్ ఠక్కున ఆరిపోతుంది, డిస్కు పాడవడానికి ఇదొక పెద్ద కారణం. యూపీఎస్ ఉంటే దాని బ్యాటరీ రెండు మూడేళ్లకు మించి నమ్మకండి. మీ ఆయన రాత్రిళ్లు స్విచ్ ఆపడం మంచి అలవాటే, పిడుగుల రోజుల్లో స్విచ్ ఆపడం ఒక్కటే చాలదు, ప్లగ్గు కూడా పీకేయమనండి, ఇంటర్నెట్ కేబుల్ కూడా. సెల్ కొత్తదైతే ఆ అలవాటుతో ఏ ఇబ్బందీ ఉండదు.

ఇలాంటి ఇబ్బందితోనే వేరే పాఠకులు కూడా ఉంటారు, వాళ్ల కోసం. ‘నో బూటబుల్ డివైస్’ (విండోస్ ఉన్న డిస్కు దొరకలేదు) అని వస్తే ముందు కంప్యూటర్‌కు ఏదైనా పెన్‌డ్రైవ్ తగిలించి మర్చిపోయారేమో చూసి తీసేయండి, నవ్వుకునేంత చిన్న కారణమే అయినా తరచూ జరిగేదే. ఆ తర్వాత డిస్కు కేబుల్ వదులైందేమో, బయోస్‌లో బూట్ వరుస మారిందేమో చూడాలి. లాప్‌టాప్ వాళ్లకు నీలం స్క్రీన్ మీద బిట్‌లాకర్ (డిస్కుకు తాళం వేసే విండోస్ సదుపాయం) రికవరీ కీ అడిగితే అది 48 అంకెలది, ఊహించి కొట్టేది కాదు. విండోస్‌లో వాడే మైక్రోసాఫ్ట్ అకౌంటుతో ఫోన్‌లో లాగిన్ అయి చూస్తే చాలావరకు అక్కడ దాచి ఉంటుంది. అది దొరికేదాకా ఎవరినీ ఫార్మాట్ చేయనివ్వొద్దు.

మళ్లీ మీ దగ్గరికే వస్తాను. విండోస్ 10కు మామూలు భద్రతా అప్‌డేట్లు 2025 అక్టోబరు 14తో ఆగిపోయాయి. 2017లో కొన్న చాలా కంప్యూటర్లు మైక్రోసాఫ్ట్ లెక్క ప్రకారం విండోస్ 11కు పనికిరావు, ఇంటెల్ ప్రాసెసర్ అయితే ఎనిమిదో జనరేషన్ నుంచే తీసుకుంటారు. ప్రశ్నపత్రాలు కొట్టుకోవడానికి ఈ కంప్యూటర్ ఇంకా చక్కగా పనికొస్తుంది, దాన్ని పారేయమని నేను చెప్పను. బ్యాంకు పనులు మాత్రం మెల్లగా ఫోన్‌లోకో, అప్‌డేట్లు వచ్చే వేరే కంప్యూటర్‌లోకో మార్చుకోవడం మంచిది.

సెల్ మార్చాక కూడా తేదీ వెనక్కి పోతుంటే, లేదా ఎఫ్1 మెసేజ్ మళ్లీ వస్తుంటే, మూత తెరిచి బోర్డు మీద పెద్ద అక్షరాల్లో అచ్చయి ఉన్న పేరు, మోడల్ నంబరు ఫొటో తీసి, ఎఫ్1 స్క్రీన్ ఫొటోతో కలిపి పంపండి. ఆ బోర్డులో ఏ సెట్టింగు ఏ పేజీలో ఉంటుందో చూసి రాస్తాను. ఫొటోలు, ప్రశ్నపత్రాలు కాపీ అయ్యాయా లేదా అన్నది కూడా అందులో ఒక ముక్క రాయండమ్మా.